చీకట్లో తూలిపోతున్న అమ్మ: లోపం చెవిలోనా, కాళ్ళలోనా?

ప్రశ్న: మా అమ్మకి 66 ఏళ్ళు. కాకినాడలో మా దగ్గరే ఉంటుంది. పదిహేనేళ్ళుగా షుగర్ ఉంది, మెట్‌ఫార్మిన్ వాడుతోంది. బీపీకి ఒక మాత్ర. పగలు బాగానే నడుస్తుంది, వంట చేస్తుంది, గుడికి వెళ్తుంది. రాత్రి బాత్రూమ్‌కి లేస్తే మాత్రం తూలి గోడకి కొట్టుకుంటోంది. పొద్దున్నే వాష్‌బేసిన్ దగ్గర ముఖం కడుక్కుంటూ రెండుసార్లు ముందుకి పడబోయింది. కరెంటు పోతే కూర్చున్న చోటు నుంచి లేవదు. షాపింగ్ మాల్‌లో ఎస్కలేటర్ ముందు బిగుసుకుపోయి నా చెయ్యి వదల్లేదు. కళ్ళు తిరుగుతున్నాయా అంటే, "తిరగడం కాదే, కాళ్ళ కింద నేల లేనట్టుంటుంది" అంటుంది. ఎంఆర్ఐ తీయిస్తే వయసుకి తగ్గట్టే ఉందన్నారు. ఒక డాక్టరు చెవి అన్నారు, ఇంకొకరు మెడ ఎముకలు అరిగాయని కాలర్ ఇచ్చారు. ఎనిమిది నెలలుగా కళ్ళు తిరగకుండా మాత్రలు వేసుకుంటోంది. మార్పు లేదు సరికదా, పగలంతా మగత. పక్కింటావిడకి మంచం మీద పడుకోబెట్టి తల తిప్పితే ఒక్క రోజులో తగ్గిందట. యూట్యూబ్‌లో చూసి మేమూ చేయొచ్చా? అమ్మకి ఒక కంటికి శుక్లం ఆపరేషన్ అయింది, రెండోదానికి కాలేదు. ఇంట్లో వాళ్ళు అమ్మ ఎక్కువ చేస్తోందంటున్నారు. ఇంకో చిన్న ప్రశ్న: మా అబ్బాయికి పన్నెండేళ్ళు. మారేడుమిల్లి ఘాట్ రోడ్డులో ప్రతిసారీ వాంతులు చేసుకుంటాడు. ఇది అమ్మమ్మ నుంచి వచ్చిందా?

సమాధానం: ముందు ఇంట్లో వాళ్ళకి ఒక మాట చెప్పండి. అమ్మగారు ఎక్కువ చేయడం లేదు. బ్యాలెన్స్ పోయినవాళ్ళతో పనిచేసే ఫిజియోథెరపిస్టుని నేను. ఆవిడ తన ఇబ్బందిని చెప్పినంత స్పష్టంగా మీరు రాసిన రిపోర్టులేవీ చెప్పలేదు.

మీరు రాసినవి ఒకసారి పక్కపక్కన పెట్టి చూడండి. రాత్రి బాత్రూమ్‌కి వెళ్ళడం, ముఖం కడుక్కోవడం, కరెంటు పోవడం. మూడింట్లోనూ కళ్ళకి పనిలేదు. ముఖం మీద నీళ్ళు చల్లుకునేటప్పుడు మనందరం కళ్ళు మూసుకుంటాం. అంటే పగలు ఆవిడని నిలబెడుతున్నది ఎక్కువగా కళ్ళే. కళ్ళు కప్పిపుచ్చుతున్న లోపం ఇంకెక్కడో ఉంది. ఉత్తరం చూసి జబ్బు ఇదేనని తేల్చలేను కానీ, నా దగ్గరికి వస్తే నేను మొదట చూసేది ఆవిడ చెవులూ కాదు, మెడా కాదు, పాదాలు.

నిటారుగా నిలబడడం మనం అనుకున్నంత తేలికైన పని కాదు. కదలకుండా నిలబడ్డామనుకున్నప్పుడు కూడా ఒళ్ళు ముందుకీ వెనక్కీ కొద్దికొద్దిగా ఊగుతూనే ఉంటుంది. ఊగిన ప్రతిసారీ చీలమండల దగ్గర కండరాలు బిగిసి మనల్ని మళ్ళీ మధ్యకి తెస్తాయి. ఎటు ఊగామో మెదడుకి తెలియడానికి మూడు చోట్ల నుంచి కబుర్లు వెళ్తాయి. చుట్టూ ఉన్న గోడలూ వస్తువులూ ఎలా జరుగుతున్నాయో కళ్ళు చెబుతాయి. తల ఎటు తిరిగింది, ఎటు వాలింది అన్నది లోపలి చెవి చెబుతుంది. అరికాలి మీద బరువు వేళ్ళ వైపుందా మడమ వైపుందా, మోకాలు ఎంత వంగింది, పిక్క కండరం ఎంత సాగింది అన్నది కాళ్ళ నుంచి వచ్చే నరాలు చెబుతాయి. మెదడు ఈ మూడింటినీ సమానంగా నమ్మదు. సందర్భాన్ని బట్టి ఒకదాని మాటకి ఎక్కువ విలువిస్తుంది, ఇంకోదాన్ని పక్కన పెడుతుంది.

గట్టి నేల మీద, మంచి వెలుతురులో, ఆరోగ్యంగా ఉన్న మనిషి అన్నిటికంటే ఎక్కువగా నమ్ముకునేది కాళ్ళనే. బ్యాలెన్స్ మీద చాలాకాలం పరిశోధన చేసిన అమెరికన్ ఫే హోరాక్ 2006లో రాసిన వ్యాసంలో ఆ వాటాలు సుమారుగా కాళ్ళకి 70 శాతం, లోపలి చెవికి 20, కళ్ళకి 10 అని ఇచ్చారు. ఈ లెక్క చెబితే చాలామంది నమ్మరు. కళ్ళతో చూసుకునే నడుస్తున్నాం అనుకుంటాం కదా. మన కూచిపూడి తరంగం చూడండి. ఇత్తడి పళ్ళెం అంచు మీద రెండు కాళ్ళూ పెట్టి, తాళానికి తగ్గట్టు దాన్ని జరుపుకుంటూ వెళ్ళే నర్తకి కిందికి చూడదు, చూస్తే అభినయం పోతుంది. సింహనందిని చేసేవాళ్ళు నేల మీద పరిచిన బట్ట మీద, ఆడుతూనే, కాలి వేళ్ళతో రంగుపొడిని జరుపుతూ సింహం బొమ్మ గీస్తారు. ఎక్కడ అడుగు పడింది, పాదం ఎంత తిరిగింది అన్న లెక్కంతా కాలికి తెలుస్తూ ఉంటేనే అది సాధ్యం. వాళ్ళది ఏళ్ళ సాధనే కానీ, అలాంటి లెక్క తక్కువ మోతాదులో మన అందరి కాళ్ళలోనూ ఉంది. అమ్మగారికి బహుశా అది సన్నగిల్లుతోంది.

ఇది కొత్తగా కనిపెట్టిన సంగతి కూడా కాదు. 1840ల్లో బెర్లిన్‌లో మోరిట్జ్ రోంబర్గ్ అనే వైద్యుడు సిఫిలిస్ వల్ల వెన్నుపాము దెబ్బతిన్న రోగుల గురించి రాశాడు. కళ్ళు తెరిచి ఉంటే వాళ్ళు నిలబడగలిగేవాళ్ళు. మూసుకోమంటే ఊగిపోయేవాళ్ళు, చీకట్లో నడవలేకపోయేవాళ్ళు. ముఖం కడుక్కుంటూ పడబోవడం కూడా ఇదే కోవలోది. వైద్య పుస్తకాల్లో వాష్‌బేసిన్ పేరు మీద ఒక గుర్తే ఉంది. ఆ పాత జబ్బు ఇప్పుడు చాలా అరుదు. కానీ పాదాలు జత చేసి, కళ్ళు తెరిచి కాసేపు, మూసి కాసేపు నిలబెట్టి చూసే పరీక్ష ఇప్పటికీ రోంబర్గ్ పేరుతోనే చేస్తాం. పైసా ఖర్చు లేదు, నిమిషం పడుతుంది. ఇది చేశారని మీ ఉత్తరంలో ఎక్కడా లేదు. ఎంఆర్ఐకి మాత్రం వేలు పోశారు. ఇలాంటి చోట నాకు కొంచెం కోపం వస్తుంది, క్షమించండి.

ఆవిడ విషయంలో అనుమానించాల్సినవి రెండు. మొదటిది షుగర్. ఏళ్ళ తరబడి షుగర్ ఉంటే నరాలు చివరల నుంచి దెబ్బతింటూ వస్తాయి, అందుకే పాదాలతో మొదలవుతుంది. కొందరికి మంటలు, తిమ్మిర్లు వస్తాయి కాబట్టి తెలుస్తుంది. కొందరికి ఏ నొప్పీ లేకుండా స్పర్శ మాత్రమే నెమ్మదిగా పోతుంది. చెప్పు జారిపోయినా తెలియకుండా నడిచి వెళ్ళడం, నీళ్ళ వేడి కాలికి తెలియకపోవడం లాంటివి ఉన్నాయేమో అడగండి. రెండోది విటమిన్ బీ12. మెట్‌ఫార్మిన్ చాలాకాలం వాడేవాళ్ళకి ఒంట్లో బీ12 తగ్గే అవకాశం ఉంది. మాంసం, గుడ్లు, పాలు తక్కువగా తీసుకునేవాళ్ళయితే ఇంకా ఎక్కువ. బీ12 తగ్గితే దెబ్బతినేవాటిలో కాళ్ళ కబురుని మెదడుకి మోసుకెళ్ళే వెన్నుపాము దారి కూడా ఒకటి. రక్తం బాగానే ఉంది, హిమోగ్లోబిన్ తగ్గలేదు కాబట్టి బీ12 కూడా బాగానే ఉందనుకోవడానికి లేదు, విడిగా పరీక్ష చేయించాలి. వీటిలో త్వరగా పట్టుకుంటే బాగుపడేది బీ12 లోపమే. ఆలస్యమైతే జరిగిన నష్టం కొంత అలాగే ఉండిపోతుంది. అందుకే ఈ వారంలోనే చేయించమంటున్నాను.

డాక్టరు దగ్గర ఇంకో మూడు చిన్న పరీక్షలు అడగండి. 128 హెర్ట్జ్ శ్రుతిదండాన్ని (ట్యూనింగ్ ఫోర్క్) మోగించి బొటనవేలి ఎముక మీద ఆనిస్తారు. ఆ అదురు ఆవిడకి తెలుస్తోందా, ఎంతసేపు తెలుస్తోంది అన్నది చూస్తారు. అలాగే పది గ్రాముల ఒత్తిడికి వంగే నైలాన్ పోగుని అరికాల్లో అక్కడక్కడా తాకించి, తగిలినప్పుడు చెప్పమంటారు. షుగర్ క్లినిక్కుల్లో చాలాచోట్ల ఇందాకటి అదురు పరీక్షని బయోథీసియోమీటర్ అనే యంత్రంతో చేస్తారు. కళ్ళు మూసి, బొటనవేలిని పక్కల నుంచి పట్టుకుని పైకో కిందికో వంచి, "ఎటు వంచాను" అని అడిగే పరీక్ష మరీ సులువు. వేలు ఎటు వంగిందో తెలియనివాళ్ళకి చీకట్లో ఒళ్ళు ఎటు వాలిందో ఎలా తెలుస్తుంది?

ఇక ఎస్కలేటర్ సంగతి. ఇంట్లో వాళ్ళకి ఇదే నాటకంలా కనిపించి ఉంటుంది, ఎందుకంటే మాల్‌లో వెలుతురుకి లోటు లేదు. కానీ ఇదీ ఆ కథలో భాగమే. కాళ్ళ కబురు బలహీనపడ్డాక మెదడు కళ్ళ మీద అతిగా ఆధారపడుతుంది. అలా ఆధారపడినప్పుడు చుట్టూ ఉన్నవి కదిలితే చిక్కు వస్తుంది. కదిలింది అవా, నేనా అన్నది తేల్చుకోవడానికి కళ్ళు ఒక్కటీ చాలవు. సికింద్రాబాద్ స్టేషన్లో ఆగి ఉన్న రైల్లో కూర్చున్నప్పుడు పక్క పట్టాల మీది రైలు కదిలితే మన రైలే కదిలిందని ఒక్క క్షణం అనిపిస్తుంది కదా, అప్పుడు జరిగేది ఇదే. 1974లో డేవిడ్ లీ, ఎరిక్ ఆరన్సన్ అనే ఇద్దరు పరిశోధకులు నేల కదలకుండా గోడలు మాత్రం ముందుకీ వెనక్కీ జరిగే గదిలో, కొత్తగా నిలబడడం నేర్చిన పసిపిల్లల్ని నిలబెట్టారు. గోడలు జరిగితే పిల్లలు ఊగారు, కొందరు పడిపోయారు. కాళ్ళ కింద నేల నిశ్చలంగానే ఉంది. కళ్ళు చెప్పిన తప్పుడు కబురే వాళ్ళని పడేసింది. పెద్దయ్యే కొద్దీ మనం కాళ్ళనీ చెవినీ నమ్మడం నేర్చుకుని ఈ మోసం నుంచి చాలావరకు తప్పించుకుంటాం. అమ్మగారు ఆ నమ్మకం కోల్పోయి మళ్ళీ కళ్ళ చేతికి చిక్కారు. జరుగుతున్న మెట్లు, ఎదురొచ్చే జనం, లైట్లన్నీ ప్రతిఫలించే గచ్చు, ఇవన్నీ ఆవిడకి కదిలే గోడలే. కల్యాణ మండపాల్లోనూ, పక్క నుంచి పెద్ద బస్సు దూసుకుపోయినప్పుడూ ఇలాగే ఉంటుందేమో అడగండి. అవునంటారనే నా అంచనా. ఆవిడని మాల్‌కి తీసుకెళ్ళడం మానక్కర్లేదు. జనం తక్కువగా ఉండే వేళ తీసుకెళ్ళండి, పై అంతస్తుకి లిఫ్టు వాడండి.

మూడు కబుర్లలో ఏది పనిచేస్తోంది, ఏది లేదు అన్నది విడదీసి చూడడానికి మా వృత్తిలో ఒక పద్ధతి ఉంది. 1986లో అన్నే షమ్‌వే-కుక్, ఇందాక చెప్పిన ఫే హోరాక్ కలిసి దాన్ని ప్రచారంలోకి తెచ్చారు. మందపాటి ఫోమ్ ముక్క మీద నిలబెడితే కాళ్ళ కబురు చెడుతుంది. కళ్ళు మూస్తే చూపు పోతుంది. ఫోమ్ మీద కళ్ళు కూడా మూస్తే లోపలి చెవి ఒక్కటే మిగులుతుంది. కళ్ళు తెరిచే ఉన్నా ఒళ్ళు ఊగింది కళ్ళకి తెలియకుండా, తలతో పాటే కదిలే దృశ్యం కావాలనుకుని వాళ్ళు రోగి తలకి ఒక కాగితపు లాంతరు తొడిగారు. అంత ఖరీదు లేని సామాను! ఈ పరీక్ష ఇంట్లో చేయకండి, పట్టుకోవడం తెలిసిన మనిషి పక్కనుండాలి. అయితే అమ్మగారి పరుపు మీద నిలబడడం, మెత్తటి కార్పెట్ మీద నడవడం ఆవిడకి ఎందుకు కష్టం కావచ్చో దీన్ని బట్టి మీకు అర్థమవుతుంది.

చెవి గురించి క్లుప్తంగా చెబుతాను, ఎందుకంటే ఆవిడ కథలో దాని పాత్ర చిన్నదనిపిస్తోంది. లోపలి చెవిలో ఒక్కో వైపు మూడేసి అర్ధవృత్తాకార గొట్టాలుంటాయి, వాటిలో ద్రవం ఉంటుంది. బిందెని ఒక్కసారి తిప్పితే లోపలి నీళ్ళు వెంటనే తిరగనట్టే, తల తిరిగినప్పుడు ఆ ద్రవం కాస్త వెనకబడుతుంది. ఆ తేడాని సన్నటి రోమాల కణాలు పసిగడతాయి. చిన్నప్పుడు ఒప్పులకుప్ప ఆడి ఆగిపోయాక కూడా లోకం తిరుగుతూ ఉండడానికి కారణం, మనం ఆగినా ఆ ద్రవం ఇంకా ఆగకపోవడమే. గొట్టాల పక్కనే రెండు సంచుల్లాంటి భాగాల్లో సున్నపు రేణువులుంటాయి. తల ఎటు వాలిందో అవి చెబుతాయి. ఆ రేణువులు ఊడి గొట్టాల్లోకి జారితే, మంచం మీద పక్కకి తిరిగినప్పుడో పైకి చూసినప్పుడో గది గిర్రున తిరుగుతుంది. సాధారణంగా నిమిషం లోపే ఆగిపోతుంది. ఈ జబ్బుని 1921లోనే రాబర్ట్ బరానీ వర్ణించాడు. లోపలి చెవి పని మీద పరిశోధనకి 1914 నోబెల్ బహుమతి పొందిన వైద్యుడాయన. పక్కింటావిడకి ఉన్నది ఇదే అయి ఉంటుంది. తలని ఒక వరుసలో తిప్పి రేణువుల్ని బయటికి జార్చే పద్ధతికి జాన్ ఎప్లే పేరు పెట్టారు, అది నిజంగానే చాలాసార్లు ఒక్క పూటలో పనిచేస్తుంది. కానీ అమ్మగారికి లోకం తిరగడం లేదు, పడుకుని పక్కకి తిరిగితే ఏదో అవుతుందని కూడా మీరు రాయలేదు. జారని రేణువుల్ని తల తిప్పి ఎలా సర్దుతాం? యూట్యూబ్ చూసి చేయకండి. అరవై దాటినవాళ్ళ మెడని తెలియకుండా అటూ ఇటూ తిప్పడం నాకు అసలు నచ్చదు.

కాలర్ తీసేయవచ్చా అని డాక్టర్ని అడగండి. అరవై దాటినవాళ్ళలో చాలామందికి మెడ ఎక్స్‌రే తీస్తే అరుగుదల కనిపిస్తుంది, వాళ్ళలో ఎక్కువమంది తూలరు. పైగా కాలర్ తలని బిగించి పట్టేస్తుంది. కింద మెట్టు చూసుకోవాలన్నా, పక్కకి చూడాలన్నా ఒళ్ళంతా తిప్పాలి. కళ్ళ మీదే బతుకుతున్న మనిషికి అది ఇంకో అడ్డం. అయితే ఒక మాట: చేతుల్లో తిమ్మిర్లు, పట్టు తగ్గడం, కాళ్ళు బిగుసుకున్నట్టు ఉండడం, మూత్రం ఆపుకోలేకపోవడం ఉంటే మెడ దగ్గర వెన్నుపాము నొక్కుకుంటోందేమో చూడాల్సిందే. తీసిన ఎంఆర్ఐ తలకేనా, మెడకి కూడానా అన్నది మీరు రాయలేదు.

మాత్రల దగ్గర కొంచెం ఆగుదాం. కళ్ళు తిరగకుండా ఇచ్చే మందుల్లో చాలావరకు లోపలి చెవి నుంచి వచ్చే కబురుని మందగింపజేసేవే. చెవి పిచ్చి కబుర్లు పంపుతున్నప్పుడు మొదటి కొద్ది రోజులు అవి ఉపయోగమే. అమ్మగారికి కాళ్ళ కబురు ఇప్పటికే తగ్గింది. మిగిలిన రెండింట్లో ఒకదాన్ని ఎనిమిది నెలలుగా మనమే మందు పెట్టి అణుస్తుంటే ఆవిడ దేని మీద నిలబడాలి? మగత దాని మీద ఇంకో బరువు. సిన్నరిజిన్, ప్రోక్లోర్‌పెరజైన్ లాంటివి పెద్దవాళ్ళు నెలల తరబడి వాడితే చేతులు వణకడం, అడుగులు చిన్నవవడం లాంటి పార్కిన్సన్స్‌ని పోలిన లక్షణాలు రావచ్చు. అప్పుడు దానికి మళ్ళీ ఇంకో మందు మొదలవుతుంది. బీటాహిస్టిన్ అంత మగత తేదు కానీ, పాదాల స్పర్శకి అది చేసేదేమీ లేదు. మీ అంతట మీరు ఆపేయకండి. చీటీలో ఉన్న పేర్లన్నీ పట్టుకెళ్ళి, "ఇవి ఏ జబ్బుకి, ఎప్పటిదాకా" అని డాక్టర్ని సూటిగా అడగండి. అదే రోజు పడుకోబెట్టి ఒకసారి, లేచి నిలబడిన మూడు నిమిషాల్లోపు ఒకసారి బీపీ చూడమనండి. పై అంకె 20 గానీ అంతకన్నా ఎక్కువ గానీ పడిపోతుంటే రాత్రి తూలడంలో దానికీ వాటా ఉన్నట్టే. షుగర్ ఉన్నవాళ్ళలో ఇది తక్కువేమీ కాదు. అప్పుడు బీపీ మాత్ర సంగతి డాక్టరు చూసుకుంటారు. మీరు చేయాల్సింది, ఆవిడ లేచేముందు మంచం అంచున కాసేపు కాళ్ళాడిస్తూ కూర్చునేలా చూడడం.

శుక్లం ఆపరేషన్ ఒక కంటికే అయిందని రాశారు. రెండోది ఆలస్యం చేయకండి. మెట్టు ఎంత లోతుందో, గ్లాసు ఎంత దూరంలో ఉందో తెలియాలంటే రెండు కళ్ళ బొమ్మలూ కలవాలి. ఒక కన్ను స్పష్టంగా, ఒక కన్ను మసకగా ఉంటే ఆ లోతు దెబ్బతింటుంది. దిగేటప్పుడు ఆఖరి మెట్టు ఉందనుకుని ఉత్త నేల మీద, లేదనుకుని మెట్టు మీద అడుగేయడం ఇందువల్లే. ఆవిడ వాడేవి కింద దగ్గరచూపు, పైన దూరపుచూపు ఉన్న అద్దాలైతే ఇంకో చిక్కు. కిందికి చూసినప్పుడల్లా నేల దగ్గరచూపు అద్దంలోంచి మసకగా కనిపిస్తుంది. బయట నడవడానికి, మెట్లెక్కడానికి దూరపుచూపు మాత్రమే ఉన్న జత ఒకటి విడిగా చేయించండి. కళ్ళే ఊతగా ఉన్న మనిషికి ఈ ఖర్చు ఎంఆర్ఐ కంటే మేలు.

ఇల్లు ఆవిడకి తగ్గట్టు మార్చడం పెద్ద పనేమీ కాదు. మంచం నుంచి బాత్రూమ్ దాకా నేల కనిపించేలా కింద చిన్న రాత్రి దీపాలు పెట్టండి, మనిషి కదిలితే వెలిగేవి దొరుకుతున్నాయి. అవి ఇన్వర్టర్ లైన్ మీద ఉండేలా చూసుకోండి. మంచం పక్కన చేతికందే చోట టార్చి ఉండాలి. ఈమధ్య కట్టే ఇళ్ళలో మెట్లకి నల్ల గ్రానైట్, హాలంతా అద్దంలా మెరిసే టైల్స్ వేస్తున్నారు. పెద్దవాళ్ళ కళ్ళకి ఒక మెట్టు ఎక్కడ ఆగి ఇంకో మెట్టు ఎక్కడ మొదలైందో తెలియదు. మెట్ల అంచులకి పసుపు రంగు టేపు అంటించండి. మన పాత ఇళ్ళలో గడపకి పసుపు రాసి కుంకుమబొట్లు పెట్టేవాళ్ళు. ఎందుకు పెట్టినా, అడ్డం ఉన్న గడప మాత్రం మసక చూపుకి కూడా ఇట్టే కనిపించేది. ముఖం కడుక్కోవడం కుర్చీలో కూర్చుని చేయొచ్చు. నిలబడే చేస్తానంటే నడుము బేసిన్‌కి ఆనించి, ఒక చేత్తో అంచు పట్టుకుని, ఇంకో చేత్తో కడుక్కోమనండి.

ఆవిడ గోడలు తడుముకుంటూ నడుస్తుంటే మందలించకండి, గోడలు మాసినా సరే. అది భయం వల్ల వచ్చిన అలవాటు మాత్రమే కాదు. జాన్ జెకా, జేమ్స్ లాక్నర్ 1994లో ఒక చక్కటి సంగతి చూపించారు. నిలబడిన మనిషి చూపుడువేలి కొసని ఒక స్థిరమైన వస్తువుకి ఊరికే ఆనించినా ఒళ్ళు ఊగడం బాగా తగ్గుతుంది. నూరు గ్రాముల బరువు కూడా లేని తాకిడి అది, మనిషి బరువుని మోసే బలం దానికి లేదు. అది మోసేది సమాచారాన్ని. పాదం చెప్పలేని కబురుని వేలు చెబుతుంది. చేతికర్ర కూడా సగం ఇందుకే పనికొస్తుంది. కర్ర పట్టుకుంటే ముసలిదాన్నయిపోయానని ఆవిడ అనుకుంటే ఈ మాట చెప్పి చూడండి. ఎత్తు మాత్రం సరిపోవాలి. చెయ్యి వేలాడేసి నిలబడినప్పుడు కర్ర పిడి మణికట్టు దగ్గరికి రావాలి.

చెప్పుల గురించి ఒక హెచ్చరిక. కాళ్ళ స్పర్శ పెంచుతాయని ముళ్ళముళ్ళ ఆక్యుప్రెషర్ చెప్పులు, గులకరాళ్ళ మీద ఉత్త కాళ్ళతో నడవడం మీకు ఎవరో ఒకరు తప్పకుండా చెబుతారు. స్పర్శ తగ్గిన షుగర్ పాదాలకి అవి పుండ్లు తెస్తాయి, అవి మానక ఎక్కడిదాకా వెళ్తాయో మీకు తెలియంది కాదు. హవాయి చెప్పులూ వద్దు. వెనక పట్టీ ఉండి, అడుగుభాగం మరీ మందంగా, మరీ మెత్తగా లేనివి ఇంట్లో కూడా వేసుకోమనండి. రోజూ రాత్రి పాదాలు మీరు ఒకసారి చూడండి.

ఇక వ్యాయామం. ఆవిడకి అసలు మందు ఇదే. ఒకరోజు బ్యాలెన్స్ తెలిసిన ఫిజియోథెరపిస్టుకి చూపించి మొదలుపెట్టడం మంచిది. ఇంట్లో అయితే గది మూలలో నిలబెట్టండి, వెనక రెండు గోడలూ, ముందు ఒక బరువైన కుర్చీ, పక్కన మీరు. మొదట కళ్ళు తెరిచి పాదాలు జత చేసి అరనిమిషం. అది తేలికయ్యాక ఒక పాదం కొంచెం ముందుకి. ఆ తర్వాత అలా నిలబడి తల నెమ్మదిగా కుడికీ ఎడమకీ తిప్పడం. చివరికి, చాలా రోజుల తర్వాత, ఒక వేలు గోడకి ఆనించి కళ్ళు కొన్ని క్షణాలు మూయడం. మూసినప్పుడు అరికాళ్ళ మీదే ధ్యాస పెట్టమనండి. వంటగది గట్టు పట్టుకుని మడమలు పైకెత్తడం, చేతులు ఆనించకుండా కుర్చీలోంచి లేచి కూర్చోవడం కాళ్ళ బలానికి. రోజుకి రెండు పూటలా పది నిమిషాలు చాలు, వారానికోసారి గంటసేపు చేస్తే ఉపయోగం లేదు. మొదట్లో తూలుతున్నట్టే ఉంటుంది. తూలకుండా చేయగలిగేది మాత్రమే చేస్తే మెదడు నేర్చుకునేదేమీ ఉండదు, పడిపోకుండా చూసుకోవడం మీ బాధ్యత. తేడా తెలియడానికి వారాలు పడుతుంది. పోయిన నరాల స్పర్శ పూర్తిగా తిరిగి వస్తుందని నేను చెప్పను. మిగిలినదాన్ని, చెవినీ మెదడు మళ్ళీ నమ్మడం నేర్చుకుంటుంది. చీకటంటే ఉన్న బెరుకు చాలామందిలో దానితోపాటే తగ్గుతుంది.

ఎప్పుడైనా ఉన్నట్టుండి తూలడంతో పాటు మాట ముద్దగా రావడం, మూతి ఒక పక్కకి పోవడం, ఒకటి రెండుగా కనిపించడం, ఒక చెయ్యో కాలో పడిపోవడం, ఎన్నడూ లేనంత తలనొప్పి ఉంటే ఇవేవీ ఆలోచించకుండా 108కి ఫోన్ చేయండి. అది పక్షవాతం కావచ్చు.

మీ అబ్బాయిది వేరే సంగతి, అమ్మమ్మ షుగర్ నరాలకీ దానికీ సంబంధం లేదు. ప్రయాణంలో వాంతులు కుటుంబాల్లో నడుస్తాయన్నది నిజమే, మీకో మీవారికో చిన్నప్పుడు ఉండి ఉండవచ్చు. రెండేళ్ళ నుంచి పన్నెండేళ్ళ మధ్య పిల్లల్లో ఇది ఎక్కువ, పెద్దయ్యే కొద్దీ చాలామందికి తగ్గుతుంది. మలుపు మలుపుకీ చెవి "తిరుగుతున్నాం" అంటుంది. వెనక సీట్లో కూర్చుని ఫోన్ చూస్తున్న కళ్ళు "ఏం కదల్లేదు" అంటాయి. ఆ రెండిటికీ పొత్తు కుదరక కడుపు తిప్పుతుంది. డ్రైవరుకి రాబోయే మలుపు ముందే తెలుసు కాబట్టి ఆయన చాలా అరుదుగా వాంతి చేసుకుంటాడు. వాడికి ముందు సీటుకి వయసూ ఎత్తూ సరిపోతే బెల్టు పెట్టి అక్కడ కూర్చోబెట్టండి, దూరంగా రోడ్డు చివరికి చూడమనండి, కిటికీ తెరవండి, కడుపు నిండా తినిపించి బయల్దేరకండి. ఇంత చేసినా ఆగకపోతే పిల్లల డాక్టర్ని అడిగి బయల్దేరడానికి ముందు వేసే మాత్ర తీసుకోవచ్చు. ఘాట్ రోడ్డు దాటేదాకా ఫోన్ మాత్రం మీ దగ్గరే పెట్టుకోండి.